చేతి మందము – చేతి వణకు
నేత కుటుంబములవారు తెలిసికొనవలసిన విషయములు

నేతగాని చేయి మారినదని మొదట తెలిసికొనునది వైద్యుడు కాదు, ఇంటివారును కాదు, మగ్గము. బరంపురములో మా పెదనాన్నగారు నలుబది యేండ్లు గుంట మగ్గముపై పట్టు నేసినవారు. ఆయన నేసిన చీర అంచు గీత గీచినట్లుండెడిది. అరువదవ యేట ఆ అంచు ఒక ప్రక్క వదులు కాజొచ్చినది. పలక దెబ్బ ఒకమారు బిగువుగను ఒకమారు తేలికగను పడుచుండెను. దీపాల వేళకు మూరెడు నేయు మనిషి జానెడు నేసి లేచెడివారు. సరుకు తీసికొనువారు మొదట కూలి తగ్గించిరి. పిమ్మట చీరనే త్రిప్పి పంపిరి.

"ముసలితనమురా, మరేమీ లేదు" అని ఆయనే అనుకొనిరి. బంధువులలో కొందరు "బద్ధకము" అనిరి. ఒడిలో ఊరక పెట్టుకొన్న కుడిచేయి వణకుట చూచి, "చాటుగా తాగుతున్నాడు" అని వీధిలో నొకరు అనిరి. జన్మలో కల్లు ముట్టని మనిషి ఆ మాట చెవినపడిన నాటినుండి అరుగుమీద కూర్చొనుట మానివేసిరి. ఇట్లు రెండేండ్లు గడచినవి. చివరకు నరముల వైద్యుడొకరు ఆయనను పదడుగులు నడిపించి, వ్రేళ్ళు ఆడింపించి, కాగితముపై పేరు వ్రాయించి, పావుగంటలో వ్యాధి చెప్పినారు. మందు మొదలిడిన కొన్ని వారములకు పెదనాన్నగారు మరల మగ్గపు గుంటలో దిగిరి. మునుపటి వేగము రాలేదు. కాని అంచు నిలిచినది. మనిషి మరల అరుగుమీదకు వచ్చిరి.

ఆ రెండేండ్ల వంటివి మరొక ఇంట వృథాగా పోకూడదనియే ఈ వ్యాసము. చేయి మందగించుటయు, చేయి చెప్పిన మాట వినకుండుటయు చూచుటకు వేరు వేరుగా నున్నను, రెంటికిని మూలము మెదడులో దాదాపు ఒకే చోట నున్నది. వీనిలో కొన్ని మాత్రలు మార్చినచో తగ్గును. కొన్ని జీవితాంతము మందుతో అదుపులో నుండును. కొన్నిటిని పోల్చుకొనుటలో ఆలస్యమైనచో ప్రాణమునకే ముప్పు. ఒకదానికి ఇచ్చు మందు మరొకదానికి హాని చేయును. కావున ఏది ఏదో తెలియుట ముఖ్యము.

ఒకే మగ్గము, రెండు తొక్కుడు చెక్కలు

కదలిక ఎట్లు పుట్టునో మగ్గముతో పోల్చి చెప్పినచో మనవారికి సులభముగా బోధపడును. మెదడు పైపొర "చేయి ఎత్తు" అని ఆజ్ఞ నిచ్చును. ఆ ఆజ్ఞను మెదడు నడుమ లోతుగా నున్న కొన్ని చిన్న కేంద్రములు సరిచూచును. వైద్యులు వీనిని బేసల్ గాంగ్లియా అందురు. అక్కడ రెండు త్రోవలు గలవు. ఒకటి కావలసిన కదలికను విడిచిపెట్టును. రెండవది అక్కరలేని కదలికను అణచిపెట్టును. మగ్గమున చెక్క త్రొక్కగా కొన్ని పోగులు లేచును, కొన్ని అణగును. అప్పుడే నాడె పోవుటకు దారి ఏర్పడును. లేవవలసినవి లేవకున్నను, అణగవలసినవి అణగకున్నను బట్ట చెడును. మెదడులోను అంతే.

ఈ రెండు త్రోవలకు తూకము కుదుర్చునది డోపమైన్ అను రసాయనము. మెదడు అడుగు భాగమున నల్లని రంగుగల కణముల గుంపొకటి దానిని తయారుచేయును. డోపమైన్ తగ్గినచో అణచు త్రోవ పైచేయి యగును. కదలిక మందగించును, చిన్నదగును. అణచు త్రోవ దెబ్బతిన్నను, డోపమైన్ పని మితిమీరినను, అడుగని కదలికలు పుట్టును. రెండు స్థితులలోను కండరమునకు బలము పోలేదు. పక్షవాతమునకును వీనికిని గల భేదము ఇదియే.

కదలిక తగ్గు వ్యాధి

వీనిలో ప్రధానమైనది పార్కిన్‌సన్ వ్యాధి. లండనులోని జేమ్స్ పార్కిన్‌సన్ అను వైద్యుడు 1817లో దీనిని వర్ణించి చిన్న పుస్తకము ప్రకటించెను. మన ఆయుర్వేదములో కంపవాతమను పేరు చాల పూర్వమే గలదు.

ఇది చాలవరకు అరువది యేండ్ల ప్రాంతమున, ఒక ప్రక్కనే మొదలగును. నడచునప్పుడు ఆ ప్రక్క చేయి ఊగదు. చొక్కా గుండీ పెట్టుకొనుట, తెగిన పోగు అతుకుట, కండె మార్చుట వంటి సన్నపనులకు ఆలస్యమగును. లెక్కపుస్తకములో అక్షరములు పంక్తి చివరకు పోవుకొలది చిన్నవగును. ముఖమున భావము తగ్గి, కోపముతో నున్నట్లు కనబడుదురు. గొంతు సన్నగిల్లును. చేయి ఊరక ఉన్నప్పుడు వణకును. నాడె పట్టినచో వణకు తగ్గును. వణకు లేకుండ మందము మాత్రమే ఉన్నవారును గలరు. వారి వ్యాధి ఇంకను ఆలస్యముగా బయటపడును. కొందరికి ఈ లక్షణములకు ఎన్నో యేండ్లు ముందుగనే వాసన తెలియకపోవుట, మలబద్ధకము, నిద్రలో కలవరించి కాళ్ళు చేతులు విసరుట ఉండును.

ఈ వ్యాధి చికిత్స చరిత్రలో మన దేశపు మొక్కలు రెండు చేరియున్నవి. మొదటిది సర్పగంధి. దాని వేరునుండి తీసిన రిసర్పిన్ అను మందును రక్తపుపోటుకు వాడెడివారు. స్వీడను దేశమున ఆర్విడ్ కార్ల్‌సన్ 1957లో కుందేళ్ళకు రిసర్పిన్ ఇవ్వగా అవి కదలక పడియుండినవి. లీవోడోపా ఇవ్వగా మరల లేచి తిరిగినవి. కదలికకు డోపమైన్ అవసరమని ఈ పరిశోధనవలన తేలినది. కార్ల్‌సన్‌కు 2000లో నోబెల్ బహుమానము లభించినది. రెండవది దూలగొండి. దాని గింజలలో లీవోడోపా ఉన్నదని 1937లో మదరాసు విశ్వవిద్యాలయపు జీవరసాయన శాలలో దామోదరన్, రామస్వామి అనువారు వేరుచేసి చూపిరి. 1961లో వియన్నా నగరమున రోగులకు లీవోడోపా సూది ఇచ్చి చూచిరి. 1967లో అమెరికాలో కోట్జియాస్ కొద్ది కొద్దిగా మోతాదు పెంచుచు నోటిద్వారా ఇచ్చి మంచి ఫలితము చూపెను. నేడు లీవోడోపాను కార్బిడోపాతో కలిపి మాత్రగా ఇచ్చుచున్నారు. వ్యాధి మూలము పోదు; కాని చేయి తిరిగి పనికి వచ్చును.

ఇక్కడ మూడు హెచ్చరికలు. దూలగొండి మంచిదని విని గింజల పొడి సొంతముగా తినరాదు. ఏ గింజలో ఎంత మందున్నదో తెలియదు. మాత్రను అన్నమునకు అరగంట ముందు తీసికొన్నచో బాగుగా పట్టును. పప్పు, మాంసము, పాలతో కలిపినచో కొందరికి పట్టదు. నయమైనదని హఠాత్తుగా మానినచో ప్రమాదము. ఏండ్లు గడచిన పిమ్మట ఈ మందువలననే కొందరికి శరీరము మెలికలు తిరుగుచు ఊగును. మందగించిన చేయే మితిమీరి కదలును. మందుల వేళలు, మోతాదు సవరించి వైద్యులు దీనిని సరిచేయుదురు. మందులతో అదుపు కానివారిలో తగినవారిని ఎంపికచేసి మెదడులో సన్నని తీగ అమర్చి విద్యుత్తుతో సరిచేయు శస్త్రచికిత్స గలదు. 1987లో ఫ్రాన్సు దేశపు గ్రెనోబుల్ నగరమున ఆరంభమైన ఈ పద్ధతి ఇప్పుడు మన దేశపు పెద్ద ఆస్పత్రులలోను గలదు.

వణకులన్నియు ఒకటి కావు

పార్కిన్‌సన్ వణకు చేయి ఊరక ఉన్నప్పుడు వచ్చును. దీనికి విరుద్ధముగా, పని చేయబోవునప్పుడే వచ్చు వణకు ఇంకొకటి గలదు. మంచినీళ్ళ గ్లాసు ఎత్తినను, సూదిలో దారమెక్కించినను, చేతులు ముందుకు చాపినను రెండు చేతులును వణకును. తల కూడ అడ్డముగా ఊగవచ్చును. దీనిని ఎసెన్షియల్ ట్రెమర్ అందురు. ఇది పార్కిన్‌సన్ కంటె ఎక్కువమందికి ఉండును. అనేక కుటుంబములలో తండ్రికి, బిడ్డకు కనబడును. నడక మందగించదు. ప్రొప్రనొలోల్ లేక ప్రిమిడోన్ అను మాత్రలతో చాలమందికి తగ్గును. ఉబ్బసము గలవారు ప్రొప్రనొలోల్ వాడరాదు.

దీనిలో నొక ఉచ్చు గలదు. కొంచెము మద్యము పుచ్చుకొన్నచో ఈ వణకు కొంతసేపు అణగును. ఈ సంగతి తెలిసినవాడు అంచు చెడకుండ నేయుటకని ఒక గ్రుక్క త్రాగి కూర్చొనును, క్రమముగా అలవాటగును. అప్పుడు వణకు తాగుడువలన వచ్చినదని అందరు అందురు. వ్యాధి ముందు వచ్చినది, సీసా తరువాత వచ్చినది అని విచారించువారు లేరు. అట్టివానికి తిట్టుకంటె ముందు చికిత్స కావలెను. థైరాయిడ్ గ్రంథి మితిమీరి పనిచేసినను, ఉబ్బసమునకు వాడు సాల్బుటమాల్ మాత్రలవలనను చేతులు వణకవచ్చును గనుక వానినిగూడ వైద్యులు విచారింతురు.

బిడ్డ చేతినుండి కండె జారినచో

అయిదు మొదలు పదునైదేండ్ల లోపు పిల్లలలో, అందును ఆడపిల్లలలో ఎక్కువగా, ఒక వ్యాధి వచ్చును. చక్కగా కండెలు చుట్టు పిల్ల ఉన్నట్లుండి వానిని జారవిడుచును. చేతులు, భుజములు ఎగిరిపడును, ముఖము వంకరలు పోవును, నాలుక చాపి నిలుపలేదు, వ్రాత చెడును, ఊరకనే ఏడ్చును. నిద్రలో కదలికలు ఆగును. "అల్లరి", "పొగరు", "గాలి సోకినది" అని పెద్దలందురు. బడిలో దెబ్బలు పడును.

ఇది సిడెన్‌హామ్ కొరియా. కొన్ని వారములు లేక నెలల క్రిందట స్ట్రెప్టోకాకస్ అను క్రిమివలన వచ్చిన గొంతునొప్పి దీనికి మూలము. క్రిమిపై పోరాడుటకు పుట్టిన శరీరరక్షణ శక్తి పొరపాటున మెదడు కేంద్రములను తాకును. ఇరుకిండ్లలో, పలువురు ఒకే గదిలో నిద్రించుచోట ఆ గొంతునొప్పి ఒకరినుండి ఒకరికి సులభముగా ప్రాకును. కదలికలు సాధారణముగా కొన్ని నెలలలో తగ్గును. కాని ఇది కీళ్ళవాత జ్వరములో నొక భాగము. అదే వ్యాధి గుండె కవాటములను పాడుచేయును. కావున ఇట్టి బిడ్డకు గుండె పరీక్ష తప్పక చేయించవలెను. మూడు నాలుగు వారముల కొకమారు పెన్సిలిన్ సూదిని వైద్యుడు చెప్పినన్ని యేండ్లు వేయించవలెను. చేతులు కుదుటపడినవని సూది మానిన బిడ్డ గుండె తరువాత చెడిపోవచ్చును.

ఒక్క పనిలోనే పట్టివేయు చేయి

అన్ని పనులు చేయు చేయి ఒక్క పనికి మాత్రము మొరాయించుట గలదు. కలము పట్టగానే వ్రేళ్ళు మెలిపడును. వీణ వాయించువానికి ఒక వ్రేలు ముడుచుకొనిపోవును. ఏండ్ల తరబడి ఒకే సన్నపనిని చేసిన చేతులలో ఇది కనబడును. దీనిని డిస్టోనియా అందురు. మెడ ఒక ప్రక్కకు తిరిగిపోవుట, కనురెప్పలు గట్టిగా మూతపడుట కూడ ఈ జాతివే. ఇది సోమరితనము కాదు, మనసులోని కల్పన కాదు. బొటులినమ్ అను మందును కొద్ది మోతాదులో ఆ కండరమునకే సూదిగా ఇచ్చినచో కొన్ని నెలలు సడలును, మరల ఇవ్వవలసియుండును.

మేనరికములు, వంశము

విల్సన్ వ్యాధిలో రాగి శరీరమునుండి బయటకు పోక కాలేయమునందును మెదడునందును పేరుకొనును. రాగి చెంబు నీళ్ళవలన వచ్చునది కాదు. పుట్టుకతో వచ్చు లోపము. బడి వయసునందో, యౌవనమందో కామెర్లు, మాట ముద్దకట్టుట, చొంగ కారుట, చేతులు వణకుట, శరీరము బిగియుట, చదువు వెనుకబడుట కనబడును. మందమును వణకును రెండింటిని ఒకే మనిషిలో చూపు వ్యాధి ఇది. తల్లిదండ్రు లిరువురును ఈ లోపమును మోయుచున్నచో, ప్రతి కాన్పులోను బిడ్డకు వ్యాధి వచ్చుటకు నాలుగింట ఒక పాలు అవకాశము. మేనరికములలో ఇద్దరును ఒకే లోపమును మోయుట ఎక్కువగా తటస్థించును. పెనిసిల్లమిన్, జింక్ వంటి మందులు ముందుగా మొదలిడి జీవితాంతము వాడినచో బిడ్డ బ్రతుకును, పని చేసికొనును, ఆలస్యమైనచో ప్రాణముపోవును. ఒక బిడ్డకు తేలినచో తోబుట్టువుల నందరిని పరీక్షింపవలెను.

హంటింగ్టన్ వ్యాధి వేరు. 1872లో జార్జ్ హంటింగ్టన్ దీనిని వర్ణించెను. దీనికి కారణమైన జన్యువును 1993లో కనుగొనిరి. తల్లిదండ్రులలో ఒకరికి ఉన్నను ప్రతి బిడ్డకు సగము అవకాశము గలదు. ముప్పది, ఏబది యేండ్ల నడుమ శరీరము నాట్యమాడినట్లు కదలును. స్వభావము, జ్ఞాపకము మారును. దీనిని నయముచేయు మందు లేదు. కదలికలను తగ్గించు మందులు గలవు. ఇంటిలో ఇట్టివారున్నచో దాచి పెండ్లిండ్లు చేయుటకంటె, జన్యు విషయములు తెలిసిన వైద్యుని సలహా ముందుగా పొందుట ఇరుపక్షములకును మేలు.

మందుల పెట్టె తెరచి చూడుడు

సర్పగంధి మందు కుందేళ్ళకు చేసిన పనినే కొన్ని మందులు మనుష్యులకు చేయును. వాంతులకు ఇచ్చు మెటోక్లోప్రమైడ్, తలతిప్పుటకు ఇచ్చు సినరిజిన్, పార్శ్వపునొప్పికి ఇచ్చు ఫ్లునరిజిన్, గ్యాసు మాత్రలలో కలిపి వచ్చు లీవోసల్పిరైడ్, మనోవ్యాధులకు ఇచ్చు హాలోపెరిడాల్ మొదలైనవి డోపమైన్ పనిని అడ్డగించును. నెలల తరబడి వాడినచో, ముఖ్యముగా వృద్ధులలో, అచ్చముగా పార్కిన్‌సన్ వలె మందమును వణకును కలుగవచ్చును. కొందరికి పెదవులు, నాలుక నమలుచున్నట్లు ఆగక కదలును. ఒకప్పుడు వ్రాసియిచ్చిన చీటీతో ఏండ్ల తరబడి దుకాణములో కొనుచుండుట మన ఇండ్లలో సాధారణము. మాత్ర మాన్పించినచో చాలమందికి వారములు, నెలలలో తగ్గును, కొందరికి నిలిచిపోవును. మనోవ్యాధి మందులను మాత్రము వైద్యుడు చెప్పక మానరాదు. పార్కిన్‌సన్ రోగికి వాంతులైనచో మెటోక్లోప్రమైడ్ ఇవ్వవద్దని గుర్తుచేయవలెను.

మగ్గము వద్ద, ఇంటివద్ద

పార్కిన్‌సన్ గలవారికి నడకలో పాదము నేలకు అంటుకొన్నట్లు ఆగిపోవును. వెనుకనుండి తొందరపెట్టినచో పడుదురు. నేలపై అడ్డముగా సున్నపు గీతలు గీచినచో వానిని దాటుచు నడువగలరు. ఒకటి, రెండు అని తాళము లెక్కించినను అడుగు కదలును. మగ్గపు గుంటలో దిగునప్పుడు, ఎక్కునప్పుడు పడుట ఎక్కువ గనుక ప్రక్కన గట్టి గుంజ పాతి పట్టుకొనుటకు వీలు చేయవలెను. మందు బాగుగా పనిచేయు గంటలలోనే సన్నపని పెట్టుకొనవలెను. రోజూ నడక, వ్యాయామము అవసరము. నేయలేని దినమున ఆసుపోయుట, రంగుల పొత్తు చూచుట, పిల్లలకు పని నేర్పుట వంటివి వారికి అప్పగించుడు. చేయి మందగించినంత మాత్రమున కన్నును తెలివియు మందగించినట్లు కాదు.

వైద్యుని వద్దకు

మనము కన్నడము, అరవము, మరాఠీ, ఒడియా మాటలాడు వైద్యుల వద్దకు పోవలసినవారము. పెద్దలు అన్ని బాధలకును "నరాల బలహీనత" అను ఒక్క మాట చెప్పుదురు. బలపు సూదులు వేయించుకొని తిరిగివత్తురు. ఆ మాట విడిచి, చేయి ఏ పని చేయలేకున్నదో చూపించుడు. నేడు చేతిఫోను లేని ఇల్లు అరుదు. మగ్గముపై నేయునప్పుడు, నడచునప్పుడు, చేయి ఒడిలో ఉన్నప్పుడు ఒక్కొక్క నిమిషము వీడియో తీసి చూపినచో భాష తెలియకున్నను వైద్యునికి తెలియును. వాడుచున్న మాత్రలన్నియు సంచిలో వేసికొని పోవలెను. ఎప్పుడు మొదలైనది, ఏ ప్రక్క, ఇంటిలో ఇంకెవరికి ఉన్నది అను మూడు సంగతులు కాగితముపై వ్రాసికొనుడు.

మొదట మీ దగ్గరి ప్రభుత్వ వైద్య కళాశాల ఆస్పత్రికి పోయి నరముల వైద్యునికి చీటీ అడుగుడు. కర్ణాటకమువారికి బెంగుళూరు నిమ్‌హాన్స్, తమిళనాడువారికి చెన్నై రాజీవ్ గాంధీ ప్రభుత్వ ఆస్పత్రి, ఒడిశావారికి భువనేశ్వరము ఎయిమ్స్, మహారాష్ట్రమువారికి ముంబయి కె.ఇ.ఎం. ఆస్పత్రి, యానామువారికి పుదుచ్చేరి జిప్‌మర్ పెద్ద ఆధారములు.

సోదర సోదరీమణులారా! ఒక ఇంట మగ్గము చప్పుడు నెమ్మదించినచో, కూలి తగ్గించుటకు ముందు, మాట తూలుటకు ముందు, "చేయి ఎట్లున్నది?" అని అడుగుడు. మా పెదనాన్నగారిని ఆ మాట రెండేండ్ల పాటు ఎవరును అడుగలేదు. మీ వీధిలో అట్టివారుండిన, ఈ పత్రిక అందిన వారములోనే వారివెంట వైద్యుని వద్దకు పొండు.